లూసర్న్ నుంచి కోమో దాకా సరస్సుల బస్ టూర్: అమ్మానాన్నలను పంపే ముందు ఏం చూసుకోవాలి?

ప్రశ్న: మాది గుంటూరు. నాన్నగారు బ్యాంకులో రిటైరయ్యారు, వయసు 67. అమ్మకు 62, బీపీ ఉంది, మోకాళ్ల నొప్పులు కూడా. జూన్‌లో ఇద్దరినీ యూరప్ బస్ టూర్‌కి పంపాలనుకుంటున్నాను. రెండు ప్యాకేజీలు చూశాం. మొదటిది పది రోజుల్లో ఆరు దేశాలు. రెండోది తొమ్మిది రోజులు, స్విట్జర్లాండ్, ఇటలీల్లో సరస్సుల ఒడ్డున ఉన్న ఊళ్లు మాత్రమే: లూసర్న్, లుగానో, కోమో, స్ట్రెసా, మాంట్రో, ఇంటర్‌లాకెన్. రెండోదానికి డబ్బులు ఎక్కువ. "రెండు దేశాలకు అంతెందుకు?" అంటున్నారు నాన్నగారు. ఏది తీసుకోమంటారు?

జవాబు:

రెండోది తీసుకోండి. కాకపోతే సంతకం పెట్టే ముందు అందులో కొన్ని చూసుకోవాలి. విజయవాడ నుంచి గ్రూపులను తీసుకెళ్లే టూర్ మేనేజర్‌గా చాలా ఏళ్లు పనిచేశాను. ఇప్పుడు ఆ పని మానేశాను కాబట్టి ఎవరి ప్యాకేజీనీ అమ్మిపెట్టాల్సిన అవసరం నాకు లేదు.

మీ నాన్నగారు వేసిన లెక్క నాకు కొత్త కాదు. ఆఫీసుకు వచ్చే పెద్దవాళ్లలో సగానికి సగం మంది బ్రోషర్ తిరగేసి మొదట దేశాలే లెక్కపెట్టేవారు. ఒక్కో దేశానికి ఎంత పడిందో వెనక పేజీలో భాగహారం కూడా వేసేవారు. బస్ టూర్‌లో ఆ లెక్క పనికిరాదు. ఆరు దేశాలంటే రోజూ పొద్దున్నే సూట్‌కేసు సర్దడం, రోజూ నాలుగైదు గంటలు బస్సులో కూర్చోవడం, రాత్రికి ఏదో హైవే పక్క హోటల్లో పడుకోవడం. మోకాళ్ల నొప్పులున్న మనిషికి రోజూ గది మారడమే పెద్ద శిక్ష.

సరస్సుల టూర్‌కు వేరే లెక్కలు రెండున్నాయి. ఎన్ని రాత్రులు నిజంగా సరస్సు ఒడ్డునున్న ఊళ్లో పడుకుంటారు? మొత్తం మీద ఎన్ని గంటలు పడవలో ఉంటారు? ఈ రెండూ తక్కువగా ఉంటే, ప్యాకేజీ పేరులో 'లేక్స్' అని ఎంత పెద్ద అక్షరాలతో రాసినా అది సరస్సుల టూర్ కాదు.

పడవ గురించి ఇంత పట్టు ఎందుకంటే, స్విట్జర్లాండ్ హైవేల మీద బస్సులోంచి సరస్సులు మీరు ఊహించినంత కనిపించవు. అక్కడ రోడ్లు చాలావరకు కొండలను తొలిచి వేసినవి. లూసర్న్ నుంచి లుగానో సుమారు 170 కిలోమీటర్లు. లూసర్న్ సరస్సులో నిటారు కొండలు నేరుగా నీళ్లలోకి దిగే భాగం ఫ్లూలెన్ వైపున్న దక్షిణపు పాయ. సరిగ్గా ఆ పాయ దగ్గరికి వచ్చేసరికి బస్సు 9 కిలోమీటర్లకు పైగా ఉన్న సీలిస్‌బర్గ్ టన్నెల్‌లో దూరుతుంది. ఆ తర్వాత కాసేపటికే గొట్హార్డ్ టన్నెల్, దాదాపు 17 కిలోమీటర్లు. ఆ రోజు మీవాళ్లు ఎక్కువసేపు చూసేది సిమెంటు గోడలూ పసుపు లైట్లే. ఇంటర్‌లాకెన్ పక్కన బ్రియెంజ్ సరస్సు వెంట వెళ్లే రోడ్డు మీదా టన్నెళ్ల గోల ఉంది. నాగార్జునకొండకు లాంచీలో వెళ్లినవాళ్లకు నేను చెప్పేది వెంటనే అర్థమవుతుంది. డ్యామ్ మీద నిలబడి చూసిన సాగర్ వేరు, లాంచీలో కూర్చుని చూసిన సాగర్ వేరు.

అందుకని మీ ఐటినరరీలో లూసర్న్ దగ్గర ఏం రాశారో ముందు చూడండి. మన కంపెనీలు ఎక్కువగా పెట్టేది ఇలా ఉంటుంది: చెక్కవంతెన దగ్గర ఫోటో స్టాప్, లయన్ మాన్యుమెంట్ దగ్గర ఫోటో స్టాప్, షాపింగ్‌కు గంటన్నర, తర్వాత టిట్లిస్ అనే మంచుకొండ. చెక్కవంతెన చూడదగ్గదే. 14వ శతాబ్దంలో కట్టారు, 1993లో పెద్ద భాగం తగలబడితే మళ్లీ కట్టారు. కానీ లూసర్న్ అంటే అది కాదు. రైల్వే స్టేషన్ ఎదురుగానే పడవల రేవు ఉంటుంది. అక్కడ ఎక్కితే గంటలో విట్స్‌నావ్ అనే చిన్న ఊరు వస్తుంది. రేవులో దిగి నాలుగడుగులు వేస్తే పళ్లచక్రాల రైలు (కాగ్ ట్రైన్) సిద్ధంగా ఉంటుంది. అది అరగంటలో రిగీ కొండ పైకి, అంటే 1,798 మీటర్ల ఎత్తుకు తీసుకెళ్తుంది. 1871లో మొదలైన లైను అది, యూరప్‌లో కొండెక్కిన మొదటి పళ్లచక్రాల రైలు. పైనుంచి చూస్తే చుట్టూ సరస్సులే. అదృష్టం బాగుంటే వెళ్లేటప్పుడో వచ్చేటప్పుడో పక్కన పెద్ద చక్రాలు తిరిగే పాత ఆవిరి పడవ దొరుకుతుంది. వాటిలో ఒకటి 1901 నాటిది, ఇంకా తిరుగుతోంది. కింది డెక్ మధ్యలో నిలబడితే ఇంజను కడ్డీలు ఆడుతూ కనిపిస్తాయి. మగవాళ్లు అక్కణ్ణుంచి కదలరు, పిలిచి పైకి తీసుకురావాల్సిందే.

టిట్లిస్ వద్దనడం లేదు. మంచు ముట్టుకోకుండా వస్తే మనవాళ్లకు యూరప్ వెళ్లినట్టే ఉండదు. జూన్‌లో ఖాయంగా మంచు దొరికేది అంత ఎత్తులోనే. కేబుల్ కార్ దిగే చోటే 3,000 మీటర్లు దాటి ఉంటుంది. కింద కేబుల్ కార్ ఎక్కే ఊరు ఎంగెల్‌బర్గ్ దాదాపు 1,000 మీటర్లు. అరగంట, ముప్పావు గంటలో అంత తేడా. ఇంటర్‌లాకెన్ వైపు నుంచి రైల్లో వెళ్లే మంచుకొండ యుంగ్‌ఫ్రౌయోక్ అయితే ఇంకా ఎక్కువ, 3,454 మీటర్లు. ఆరోగ్యంగా ఉన్నవాళ్లకు కూడా పైన నాలుగు మెట్లెక్కితే ఆయాసం వస్తుంది. బీపీ కంట్రోల్‌లో ఉంటే చాలామంది ఇబ్బంది లేకుండా వెళ్లొస్తారు, అయినా అమ్మగారిని చూసే డాక్టర్‌ను ఎత్తు ఎంతో చెప్పి అడగండి. 'కొండ మీదికి' అని కాకుండా '3,000 మీటర్లకు' అని చెప్పండి. ఆయన వద్దంటే రిగీ ఉన్న ప్యాకేజీ చూడండి, లేదా ఆ రోజు అమ్మగారిని లూసర్న్‌లోనే ఉంచి పడవ టికెట్ ఇప్పించమని ముందే మాట్లాడుకోండి. అడిగితే చాలా కంపెనీలు ఒప్పుకుంటాయి. అక్కడికి వెళ్లాక అడిగితే మాత్రం టూర్ మేనేజర్ చేతిలో ఏమీ ఉండదు.

లుగానో అందమైన ఊరు. స్విట్జర్లాండే గానీ మాట్లాడేది ఇటాలియన్. సరస్సు పక్కన చదునైన నడకదారి, పెద్ద పార్కు ఉన్నాయి, సాయంత్రం కూర్చోవడానికి బాగుంటుంది. ఒక పూట చాలు.

కోమో సంగతి వేరు. ఎక్కువ మోసం జరిగేదీ ఇక్కడే. ఈ సరస్సు తలకిందులు చేసిన ఇంగ్లిష్ 'వై' అక్షరంలా ఉంటుంది. లోతు 400 మీటర్లకు పైమాటే. కోమో పట్నం నైరుతి పాయ చివర ఉంది. ఊరు బాగుంటుంది. పట్టుబట్టలకు పేరున్నది, బ్యాటరీ కనిపెట్టిన వోల్టా పుట్టినది కూడా. కానీ ఫోటోల్లో మీరు చూసే కోమో అక్కడ కనిపించదు. అది మూడు పాయలూ కలిసే చోట, బెల్లాజియో, వరెన్నా, మెనాజియో ఊళ్ల దగ్గర ఉంది. ఒడ్డున పోయే రోడ్డు చాలాచోట్ల ఎంత ఇరుకంటే, రెండు పెద్ద బస్సులు ఎదురుపడితే ఒకటి వెనక్కి వెళ్లాల్సిందే. అందుకని తక్కువ రేటు ప్యాకేజీలు కోమో పట్నంలో గంటసేపు దింపి 'లేక్ కోమో' అయిపోయిందంటాయి. మంచి ప్యాకేజీ అయితే బస్సును ఒకచోట ఆపి, పడవలో బెల్లాజియో తీసుకెళ్తుంది. వరెన్నా నుంచి ఫెర్రీలో అయితే పావుగంటే. కాబట్టి ఐటినరరీలో 'కోమో' అని ఉందా, 'బెల్లాజియోకు పడవలో' అని ఉందా చూడండి. రెండోదే ఉండాలి. పడవ ప్రయాణం పొద్దుటి పూట ఉంటే ఇంకా మంచిది. అక్కడ మధ్యాహ్నం నుంచి దక్షిణం గాలి లేస్తుంది, బ్రేవా అంటారు. ప్రమాదమేమీ లేదు గానీ నీళ్లు కొంచెం ఎగిరిపడతాయి. పైగా జూన్, జులైల్లో సాయంత్రాలు ఉరుముల వానలు మామూలే.

బెల్లాజియోలో అమ్మగారికి ఒక జాగ్రత్త చెప్పాలి. ఫోటోల్లో ముద్దొచ్చే ఆ సందులన్నీ గులకరాళ్లు పరిచిన మెట్లు. ఎక్కడం ఒక ఎత్తు, దిగడం ఇంకో ఎత్తు. ఆమె పైకి వెళ్లకపోయినా నష్టం లేదు. రేవు పక్కన ఒడ్డు వెంట చదునుగానే ఉంటుంది, బెంచీలు ఉంటాయి. నాన్నగారు పైకి వెళ్లి చూసి వస్తారు.

స్ట్రెసా మాజోరె సరస్సు ఒడ్డున ఉంది. దాని ఎదురుగా బొర్రోమియో కుటుంబం పేరుతో పిలిచే ద్వీపాలున్నాయి. ఇజోలా బెల్లా అనే ద్వీపమంతా ఒక ప్యాలెస్, దాని వెనక మెట్లు మెట్లుగా కట్టిన తోట. 17వ శతాబ్దంలో మొదలైన కట్టడం. తోటలో తెల్ల నెమళ్లు తిరుగుతుంటాయి. నాకు ఈ మొత్తం రూట్‌లో అన్నిటికంటే నచ్చే చోటు ఇదే. ఇక్కడా మెట్లు ఎక్కువే. ప్యాలెస్ టికెట్ వేరు, పడవ టికెట్ వేరు. బ్రోషర్‌లో 'ఐలాండ్ విజిట్' అని మాత్రమే ఉంటే లోపలి టికెట్ మీరే కొనాల్సి రావచ్చు. అమ్మగారికి మెట్లు వద్దనుకుంటే పక్కనే జాలర్ల ద్వీపం ఉంది. చిన్నది, నీళ్ల పక్కనే కూర్చుని ఐస్‌క్రీమ్ తినొచ్చు.

స్ట్రెసా నుంచి 2,005 మీటర్ల సింప్లన్ కనుమ దాటి మాంట్రో వెళ్లే రోజు ఒక్కటే ఈ టూర్‌లో బస్సుకి పూర్తిగా విలువ ఇచ్చే రోజు. మూడు గంటల పైన పడుతుంది, కిటికీ పక్కనుంచి కళ్లు తిప్పబుద్ధి కాదు. స్ట్రెసాలో బయల్దేరేటప్పుడు సరస్సు కుడివైపు ఉంటుంది, మాంట్రో చేరేటప్పుడు జెనీవా సరస్సు ఎడమవైపు వస్తుంది. వాంతులయ్యేవాళ్లు ఆ పొద్దున టిఫిన్ తక్కువ తిని, బయల్దేరడానికి ముందే మాత్ర వేసుకోవాలి. మలుపులు మొదలయ్యాక వేసుకుంటే పనిచేయదు.

మాంట్రోలో ఒడ్డు వెంట పూలమొక్కలతో కిలోమీటర్ల పొడవున చదును దారి ఉంది. మోకాళ్ల నొప్పులున్నవాళ్లకు ఇంతకంటే మంచి చోటు ఈ టూర్‌లో లేదు. దగ్గర్లోనే ఒడ్డున ఉన్న షియోన్ కోట లోపల నేల ఎగుడుదిగుడు, బయటినుంచి చూసినా చాలు. ఇంటర్‌లాకెన్ రెండు సరస్సుల మధ్య ఊరు. మన గ్రూపులు అక్కడ హిందీ సినిమా దర్శకుడు యశ్ చోప్రా విగ్రహం దగ్గర ఫోటో దిగకుండా రావు, దిగనివ్వండి. అక్కడి నుంచి బ్రూనిగ్ కనుమ మీదుగా లూసర్న్ గంటా గంటంపావు, చక్రం పూర్తవుతుంది.

ఇక రాత్రులు. బ్రోషర్‌లో 'లూసర్న్ / జ్యూరిక్ ఏరియా', 'కోమో / మిలాన్ ఏరియా', 'లేదా అదే స్థాయి హోటల్' అని ఉంటే ఆగి ఆలోచించండి. ఆ ఏరియా అన్న మాటలో యాభై కిలోమీటర్లు పడతాయి. కోమో అని చెప్పి మిలాన్ శివార్లలో గోడౌన్ల మధ్య హోటల్‌కు తీసుకెళ్లిన టూర్లు నేను చూశాను. దీంతో ఏం పోతుందో మీ నాన్నగారికి ఇలా చెప్పండి. జూన్‌లో అక్కడ చీకటి పడేసరికి రాత్రి తొమ్మిదిన్నర అవుతుంది. గ్రూపుకి భోజనం ఏడింటికల్లా అయిపోతుంది. హోటల్ ఒడ్డునే ఉంటే రోజూ రెండు గంటల వెలుగు, ఎండ తగ్గిన సరస్సు, పగటి జనమంతా వెళ్లిపోయిన ఊరు మీవే. హైవే పక్కనుంటే ఆ రెండు గంటలూ గదిలో టీవీ. రెండు ప్యాకేజీల రేట్ల మధ్య తేడాలో ఎక్కువ భాగం ఈ సాయంత్రాలదే. ఒడ్డున హోటళ్ల ధరలు అలా ఉంటాయి మరి.

ఒకే ఊళ్లో కనీసం రెండు రాత్రులు చొప్పున ఉంటే ఇంకో లాభం ఉంది. కొండ మీద మబ్బు కమ్మితే పైన ఏమీ కనిపించదు, టికెట్ డబ్బులూ వెనక్కి రావు. పైన ఎలా ఉందో కొండల వెబ్‌క్యామ్‌లలో పొద్దున్నే తెలిసిపోతుంది. రెండు రాత్రులున్న చోట టూర్ మేనేజర్ కొండను రేపటికి మార్చి ఇవాళ పడవ పెట్టగలడు. ఒక్క రాత్రే ఉంటే వానలోనైనా, మబ్బులోనైనా వెళ్లాల్సిందే. తొమ్మిది రోజులకు నాలుగు హోటళ్లు బాగుంటాయి. ఆరు ఉంటే వద్దు.

గదుల గురించి కంపెనీవాళ్లు చెప్పని సంగతులు కొన్ని ఉన్నాయి. ఒడ్డున పాత హోటళ్లలో స్నానానికి బాత్‌టబ్ ఉంటుంది, షవర్ అందులోనే. మోకాళ్లు వంగని మనిషి ఆ అంచు దాటి లోపలికి దిగడం కష్టం, తడి మీద బయటికి రావడం ప్రమాదం కూడా. 'వాక్-ఇన్ షవర్ ఉన్న గది కావాలి' అని బుకింగ్‌లోనే రాయించండి. స్విట్జర్లాండ్‌లో చాలా హోటళ్లకు ఏసీ ఉండదు, మామూలుగా అవసరమూ రాదు. వేడిగాలుల వారం తగిలితే మాత్రం, గుంటూరు మే నెల చూసినవాళ్లు కూడా కిటికీలు తీసి విసనకర్ర వెతుక్కుంటారు. లిఫ్టులు చిన్నవి, ఇద్దరూ రెండు సూట్‌కేసులూ ఒకేసారి పట్టకపోవచ్చు. ఒక ప్లాస్టిక్ మగ్గు పెట్టుకెళ్లమనండి. ఎందుకో వివరించక్కర్లేదు.

బస్సులో మనవాళ్లకు అర్థం కానిది డ్రైవర్ గంటల లెక్క. యూరప్‌లో అది కంపెనీ దయ కాదు, చట్టం. నాలుగున్నర గంటలు నడిపాక 45 నిమిషాలు ఆపాలి. రోజుకు మామూలుగా 9 గంటల మించి నడపకూడదు. రాత్రి మామూలుగా 11 గంటల విశ్రాంతి ఉండాలి. ఎన్నింటికి కదిలాడు, ఎన్నింటికి ఆగాడు అన్నది బస్సులోని మెషీన్ రికార్డు చేస్తుంది, దారిలో పోలీసులు ఆపి చూస్తారు, జరిమానాలు భారీగా ఉంటాయి. అంటే ఎవరో షాపింగ్‌లో నలభై నిమిషాలు ఆలస్యం చేస్తే ఆ నలభై నిమిషాలూ సాయంత్రం చూడాల్సిన చోటు లోంచి పోతాయి, లేదా మర్నాడు బస్సు ఆలస్యంగా బయల్దేరుతుంది. 'డ్రైవర్‌కి కొంచెం ఎక్కువ ఇద్దాంలే' అంటే పని జరగదు. మీ నాన్నగారు టైమ్ పాటించే మనిషి అయితే గ్రూపులో ఈ విషయంలో ఆయనకే బీపీ వస్తుంది, ముందే చెప్పి పంపండి.

బస్సులో టాయిలెట్ ఉన్నా చాలామంది డ్రైవర్లు తాళం తీయరు. రెండు రెండున్నర గంటలకోసారి హైవే పక్కన ఆపుతారు. చాలాచోట్ల టాయిలెట్‌కు డబ్బులు కట్టాలి, ఒకటి రెండు స్విస్ ఫ్రాంకులో, యూరోలో ఉంటుంది. చిల్లర నాణేలు విడిగా ఒక చిన్న పర్సులో వేసి అమ్మగారి చేతికివ్వండి. స్విట్జర్లాండ్‌లో యూరో నోట్లు చాలాచోట్ల తీసుకుంటారు గానీ చిల్లర ఫ్రాంకుల్లో, వాళ్లకు నచ్చిన రేటుకు ఇస్తారు. కార్డు దాదాపు అంతటా నడుస్తుంది. సీట్లు చాలా గ్రూపుల్లో రోజూ మారుస్తుంటారు, కాబట్టి 'ముందు సీటు ఇప్పిస్తాం' అన్న మాటకు విలువ లేదు. ఎక్కే మెట్లు ఎత్తుగా ఉంటాయి. మధ్య డోర్ పక్క సీటు అడిగితే అమ్మగారికి నడవాలో ఎక్కువ దూరం నడిచే పని తప్పుతుంది.

భోజనం సంగతికి వద్దాం. అంతర్జాతీయ కంపెనీల బస్సుల్లో అన్ని దేశాలవాళ్లూ ఉంటారు, ఇంగ్లిష్ గైడ్, అక్కడి తిండి. ఒడ్డున మంచి హోటళ్లు ఎక్కువగా వాళ్లే ఇస్తారు. మన గ్రూపుల్లో రాత్రి ఇండియన్ భోజనం ఉంటుంది గానీ దాని కోసం రోజూ రెస్టారెంట్ ఉన్న ఊరి దాకా బస్సు వెళ్లాలి. మీ అమ్మానాన్నలకు మన గ్రూపే మేలు. మూడో రోజుకి అన్నం కోసం మొహం వాచిపోతారు, పైగా మాట్లాడుకోవడానికి నాలుగు కుటుంబాలు కావాలి కదా. గ్రూపులో ఆంధ్ర, తెలంగాణ వాళ్లు ఎంతమంది ఉన్నారో అడగండి, చెబుతారు. శాకాహారులైతే ఒక మాట, ఇండియన్ రెస్టారెంట్‌లో భయం లేదు, బయట సూప్, చీజ్ లాంటివి శాకాహారమేనా అని అడిగి తినాలి.

ఆవకాయ, కందిపొడి, గోంగూర పచ్చడి ప్యాక్ చేసి పెట్టెలో పెట్టుకోవచ్చు. నెయ్యి, పాలకోవా, పాలతో చేసిన స్వీట్లు, మాంసం ఏ రూపంలోనైనా పెట్టకండి. యూరప్ బయటినుంచి వచ్చేవాళ్లు పాల పదార్థాలు, మాంసం తేవడం అక్కడ నిషేధం. పచ్చి కరివేపాకు, మామిడిపళ్లూ వద్దు. చిన్న ఎలక్ట్రిక్ కుక్కర్ మాత్రం తీసుకెళ్లనివ్వకండి. గదిలో పొగ అలారం మోగితే హోటలంతా కిందికి దిగాలి, బిల్లు మీవాళ్ల పేరు మీద వస్తుంది.

వెళ్లే ముందు ఒక పని చేయండి. ఒక ఆదివారం ఇద్దరినీ సాగర్ తీసుకెళ్లి లాంచీ ఎక్కించి నాగార్జునకొండ చూపించి, ఆ రాత్రికే గుంటూరు తిరిగి రండి. పోనురాను బస్సో కారో కలిపి ఆరేడు గంటల కూర్చోవడం, రేవు మెట్లు దిగడం, ఎండలో నడక, అన్నీ అందులో ఉంటాయి. మర్నాడు అమ్మగారు ఎలా ఉన్నారో చూడండి. మర్నాడు కూడా అలాగే వెళ్లగలనంటే టూర్‌కి సిద్ధమైనట్టే. మంచం దిగలేకపోతే ముందు ఫిజియోథెరపీ చేయించి సెప్టెంబర్‌కు మార్చుకోండి. సెప్టెంబర్‌లో ఆ సరస్సుల దగ్గర వాతావరణం ఇంకా బాగుంటుంది, జనమూ తగ్గుతారు. ఆగస్టు వద్దు. ఆ నెల 15 ముందు వెనకలుగా ఇటలీ మొత్తం సెలవుల మీద సరస్సుల ఒడ్డునే ఉంటుంది, గొట్హార్డ్ టన్నెల్ ముందు బస్సు గంటల తరబడి నిలబడుతుంది.

వీసా త్వరగా మొదలుపెట్టండి. ఈ రెండు దేశాలకూ కలిపి ఒకటే పనికొచ్చే షెంగెన్ వీసాకు ప్రయాణానికి ఆరు నెలల ముందు నుంచే అప్లై చేయొచ్చు. ఏ దేశంలో ఎక్కువ రాత్రులుంటే ఆ దేశానికే చేయాలి, మీరు రాసిన ఊళ్లను బట్టి అది స్విట్జర్లాండ్ అవుతుంది. రాత్రులు సమానమైతే మొదట దిగే దేశం. వేలిముద్రలకు హైదరాబాద్ వెళ్లొచ్చు, ఇద్దరికీ ఒకే రోజు స్లాట్ దొరికేలా చూసుకోండి. వేసవి సెలవుల ముందు స్లాట్లకు గిరాకీ ఎక్కువ, మార్చిలోపు ఆ పని అయిపోవాలి. పెద్దవాళ్లకు వీసా ఫీజు 90 యూరోలు, సర్వీస్ చార్జీ అదనం. ట్రావెల్ ఇన్సూరెన్స్ కనీసం 30,000 యూరోలది అడుగుతారు. అందులో అమ్మగారి బీపీ ముందే రాయించండి, దాస్తే క్లెయిమ్ సమయంలో అదే సాకు అవుతుంది. పాస్‌పోర్టు తిరిగి వచ్చే తేదీ తర్వాత ఇంకా మూడు నెలలు చెల్లాలి, పదేళ్ల లోపు ఇచ్చినదై ఉండాలి. మన పాత పాస్‌పోర్టుల్లో ఇంటిపేరు గడి ఖాళీగా ఉండటం మామూలే. మీవాళ్లవి అలా ఉంటే టికెట్, వీసా ఫారం, ఇన్సూరెన్స్ మూడింటిలోనూ పేరు ఒకేలా ఉండేలా చూడండి. ఖర్చులు మీరు పెడుతుంటే ఆ మాట ఒక లెటర్‌లో రాసి, మీ బ్యాంకు స్టేట్‌మెంట్, నాన్నగారి పెన్షన్ కాగితాలు కలిపి పెట్టండి.

రేటు పోల్చేటప్పుడు రెండు ప్యాకేజీలనూ ఒకే గీత మీదికి తీసుకురండి. జీఎస్టీ, టీసీఎస్ (విదేశీ టూర్ అమ్మేటప్పుడు కంపెనీ ముందే వసూలు చేసే ఆదాయపు పన్ను) కలిపారా, వీసా కలిపారా, టిప్స్ కలిపారా, ఇటలీలో హోటల్ దగ్గర విడిగా కట్టే సిటీ ట్యాక్స్ ఎవరిది, మధ్యాహ్నం భోజనాలు ఎన్ని, ఆప్షనల్ అని చివర చిన్న అక్షరాల్లో ఏమున్నాయి. రిగీ, ఇజోలా బెల్లా, బెల్లాజియో పడవ ఆప్షనల్‌లో ఉంటే వాటి ధర కూడా కలిపి చూడండి. టీసీఎస్ నాన్నగారి పాన్ మీద కడితే ఐటీ రిటర్న్‌లో సర్దుబాటవుతుంది, కాబట్టి అది పోయిన డబ్బు కాదు. ఇదంతా లెక్కేశాక ఆరు దేశాల ప్యాకేజీ ఇంకా చవగ్గానే కనిపించొచ్చు. అప్పుడు నాన్నగారితో ఆ పది రోజుల్లో హోటళ్లు ఎన్నో, బస్సులో గంటలు ఎన్నో కాగితం మీద రాయించండి.

విమానం విషయంలో, గన్నవరం నుంచి హైదరాబాద్‌కో ఢిల్లీకో వెళ్లి అక్కడ మారే టికెట్ అయితే మొత్తం ఒకే పీఎన్‌ఆర్, అంటే ఒకే బుకింగ్ నంబరు మీద ఉండాలి. విడివిడిగా కొంటే మొదటి ఫ్లైట్ ఆలస్యమైనప్పుడు రెండోదానికి ఎవరూ పూచీ పడరు. శంషాబాద్‌కు కారులో వెళ్లేటట్టయితే తెల్లవారుజామున విమానానికి ముందురోజు మధ్యాహ్నమే బయల్దేరమనండి. అమ్మగారికి వీల్‌చెయిర్ సాయం టికెట్ కొనేటప్పుడే పెట్టించండి. ఆమె వద్దంటారు, అందరి అమ్మలూ అలాగే అంటారు. మధ్యలో విమానం మారే ఎయిర్‌పోర్టుల్లో గేటు నుంచి గేటుకు నడక కిలోమీటరు దాటుతుంది, పెట్టించండి.